చిటికెడు సున్నం

(పెన్షనర్ల దినోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఏటా డిసెంబరు 17న మనం ఇలా కలుసుకుంటున్నాం. 1982లో ఆ రోజున సుప్రీంకోర్టు నకారా కేసులో తీర్పు ఇస్తూ పెన్షను దయాభిక్ష కాదు, హక్కు అని చెప్పింది. ఆ సంగతి నాకంటె బాగా తెలిసినవారు ఇప్పటికే మాట్లాడారు. డి.ఏ. బకాయిల విషయం కార్యదర్శిగారు లెక్కలతో సహా వివరించారు. నన్ను మాత్రం "మీరు ఆబ్కారీలో పనిచేశారు గదా, భోజనాల ముందు కాస్త సరదాగా ఏదైనా చెప్పండి" అన్నారు. ఆబ్కారీ గుమాస్తా అంటే సరదా మనిషి అని లోకంలో ఒక నమ్మకం ఉంది. తాడిచెట్టు కింద కూర్చుని పాలు తాగినా కల్లే అంటారన్న సామెత మా శాఖవాళ్ళ కోసమే పుట్టిందేమో. 1972లో చేరి 2007లో రిటైరయ్యేదాకా నేను కల్లు లెక్కలు రాశాను గాని కల్లు తాగలేదు. ఆ మాట మా ఆవిడ ముందు వరుసలో కూర్చుంది కాబట్టి ధైర్యంగా చెబుతున్నాను.

సరదా కబురుతోనే మొదలుపెడతాను. తరవాత ఎటు పోతుందో నాకూ తెలియదు.

రెండేళ్ళ కిందట మా అమ్మాయి దగ్గరికి ఇంగ్లండు వెళ్ళాం. వాళ్ళు ఉండేది సోమర్సెట్ అనే జిల్లాలో. మనకు కొబ్బరితోటలెలాగో అక్కడ ఆపిల్ తోటలు అలాగ. ఆ పళ్ళను నలగ్గొట్టి, మరలో పెట్టి పిండి, ఆ రసాన్ని పీపాల్లో పోసి పులియబెడతారు. దాన్ని సైడర్ అంటారు. జనవరి 17 సాయంత్రం మా అల్లుడు మమ్మల్ని ఒక తోటకు తీసుకువెళ్ళాడు. చలి ఎముకలు కొరుకుతోంది. మా ఆవిడ రెండు స్వెట్టర్ల మీద శాలువా కప్పుకుని, దానిమీద నా మఫ్లరు కూడా లాక్కుంది. ఊరివాళ్ళంతా కాగడాలు పట్టుకుని తోటలోకెల్లా ముసలి చెట్టు దగ్గర చేరారు. వేరు మొదట్లో సైడర్ పోశారు. కాల్చిన రొట్టెముక్కలు కొమ్మలకు తగిలించారు. పాటలు పాడి, తుపాకులు గాలిలోకి పేల్చారు. వచ్చే ఏడు కాపు బాగుండాలని అట. మా ఆవిడ నా చెవిలో "ఇదేవిటండీ, మన అమ్మవారికి సాక పోసినట్టుంది" అంది.

సరిగ్గా అలాగే ఉంది. జాతర్లలో అమ్మవారి ముందు కల్లు సాక పోయడం మనం చూసిందే. గీత మొదలుపెట్టే రోజున తాడిచెట్టుకు పసుపురాసి, బొట్టుపెట్టి, కొబ్బరికాయ కొట్టి గాని కత్తి పెట్టేవారు కారు. తెల్లవాళ్ళ దేశం వెళ్ళి మా ఊరి గీతపాటకాన్ని తలుచుకుంటానని అనుకోలేదు.

అయితే ఒక తేడా ఉంది. ఆపిల్ పండు నేల రాలుతుంది. ఏరుకోవడమే. చెట్టు మీదనుంచి మనిషి రాలడు. ఇంకో తేడా, ఆ సైడర్ పీపాలో నెలల తరబడి నిలవ ఉంటుంది. మన కల్లు తెల్లారి దిగింది సాయంత్రానికి పులిసి, మర్నాటికి పుల్లనీళ్ళయి, ఆపైన వెనిగరు అవుతుంది. అందుకని దిగినచోటే, ఆ పూటే చెల్లిపోవాలి. ఊరూరా కల్లుపాక పుట్టింది అందువల్లే. కల్లును దూరం పంపాలని చూసినప్పుడే దాంట్లో మందులు కలపడం మొదలైంది. క్లోరల్ హైడ్రేటు, డైజిపామ్ వంటివి కలిపిన కల్లు తాగి మనుషులు పోయిన వార్తలు మీరూ పేపర్లో చదివే ఉంటారు. అది చెట్టుకల్లు కాదు. ఆ పాపం చెట్టుకు అంటగట్టకూడదు.

ఇప్పటి పిల్లలకు తెలియదు గనక గీత పని ఎలా ఉంటుందో కొంచెం చెబుతాను.

తాడిచెట్టు పదిహేనేళ్ళు, ఒక్కొక్కప్పుడు ఇంకా ఎక్కువ పెరిగితే గాని పూత వేయదు. పూత వేసేదాకా అది పోతుతాడో ఆడతాడో ఎవరూ చెప్పలేరు. పోతుతాడికి పొడుగాటి గెలలు వస్తాయి. ఆడతాడికి కాయలు. రెండూ గీస్తారు. మాఘమాసం దాటుతుండగా మొదలుపెట్టి ఎండలు ముదిరేదాకా సాగుతుంది. ముందు గెలలను రెండు కర్రల మధ్య పెట్టి నొక్కి, నారతో కట్టి, రోజూ కొస కొంచెం కోస్తూ రావాలి. వారం పదిరోజులు చెట్టు ఏమీ ఇవ్వదు. ఆ తరవాత బొట్టుబొట్టుగా కారడం మొదలవుతుంది. అప్పుడు లొట్టి తగిలిస్తారు. ఒక్క చెట్టు రోజుకు మూడు నాలుగు లీటర్లు ఇవ్వడం మామూలే.

గీత కత్తి ఎలా ఉంటుందో చూశారా? వెంట్రుక మీద పెడితే తెగాలి. గెల కొసను కాగితమంత పల్చగా చెక్కాలి. మందంగా కోస్తే గెల తొందరగా అయిపోతుంది, కోయకుండా వదిలేస్తే కొస ఎండి మూసుకుపోతుంది. కాబట్టి రోజుకు రెండుపూటలా ఎక్కాలి. పదిహేను చెట్లు గీసే మనిషి పొద్దున పదిహేనుసార్లు, సాయంత్రం పదిహేనుసార్లు ఎక్కి దిగాలి. నడుముకు మోకు, కాళ్ళకు బంధం, నడుం వెనక కత్తిపెట్టె, లొట్టి. అరవై డెబ్బై అడుగుల ఎత్తు. జ్వరం వచ్చినా, ఇంట్లో చావు వచ్చినా, పెళ్ళి వచ్చినా, రెండురోజులు ఎక్కకపోతే ఆ ఏటి చెట్టు పోయినట్టే. మన ఉద్యోగాల్లో కాజువల్ లీవు పదిహేను రోజులు ఉండేది, గుర్తుందా? ఈయనకు సీజనంతా ఒక్కరోజు లేదు. ఈ మాట గుర్తుపెట్టుకోండి. తరవాత దీంతో పని ఉంది.

ఇక సున్నం సంగతి.

చెట్టు నుంచి కారే రసం కల్లు కాదు. తియ్యటి నీళ్ళు. నూటికి పది పన్నెండు వంతులు పంచదార ఉంటుంది. కల్లు చేసేది లొట్టి. పాత లొట్టి లోపల ఉన్న పులుపు, గాల్లోని ఈస్టు తగిలి, చెట్టుమీదే పులియడం మొదలవుతుంది. ఆ లొట్టిని శుభ్రంగా కడిగి, లోపల సున్నం పూస్తే పులియదు. దిగేదాకా తియ్యగానే ఉంటుంది. అదే నీరా. దాన్ని కాస్తే ఎనిమిది పది లీటర్లకు కిలో చొప్పున తాటిబెల్లం వస్తుంది. అదే చెట్టు, అదే గెల, అదే కత్తి, అదే మనిషి. మధ్యన తేడా చిటికెడు సున్నం.

నా చిన్నతనంలో ఆ చిటికెడు సున్నమే చట్టం. మద్రాసు రాష్ట్రంలో రాజాజీగారు 1937లో సేలం జిల్లాతో మొదలుపెట్టిన మద్యనిషేధం 1948 నాటికి రాష్ట్రమంతా, అంటే మన గోదావరి జిల్లాలకు కూడా వచ్చేసింది. నిషేధం వచ్చినా చెట్టుకు తెలియదు గదా, మాఘం రాగానే గెల వేసింది. గీసేవాళ్ళకు బతుకుతెరువు కింద తాటిబెల్లం సొసైటీలు పెట్టించారు. సున్నం పూసిన లొట్టి కడితే ప్రభుత్వానికి ఇష్టుడు. సున్నం లేని లొట్టి కడితే నేరస్థుడు. ఆరోజుల్లో యానాం ఫ్రెంచివారి చేతిలో ఉండేది. 1954లో అది మనకు కలిసేదాకా, అక్కడ నిషేధం లేదు గనక, గోదావరి పాయ దాటి యానాం వెళ్ళివచ్చిన పెద్దమనుషుల కథలు మా నాన్నగారు చెప్పేవారు. పేర్లు కూడా చెప్పేవారు గాని, వాళ్ళ మనవలు ఈ సభలో ఉన్నారు.

ఆంధ్రరాష్ట్రం వచ్చిన ఏడాదికే ప్రకాశం పంతులుగారి ప్రభుత్వం పడిపోయింది గదా, అది ఈ విషయం మీదే. ఎస్.వి. రామమూర్తిగారి కమిటీ నిషేధం ఎత్తివేయమంది. గౌతు లచ్చన్నగారు గీత కార్మికుల పక్షాన పోరాడారు. 1954 నవంబరులో కర్నూలు శాసనసభలో అవిశ్వాస తీర్మానం ఒక్క ఓటు తేడాతో నెగ్గింది. తుపాకీకి గుండె చూపించిన మహానుభావుడి ప్రభుత్వం తాడిచెట్టు కింద పడిందని మా హెడ్మాస్టరుగారు అనేవారు. నిషేధం మాత్రం మన జిల్లాల్లో 1960ల చివరిదాకా ఏదో ఒక రూపంలో నడిచింది. ఆపైన 1968 ఎక్సైజు చట్టం. ఆ చట్టం పుణ్యమా అని నాకు ఉద్యోగం.

ఎనిమిదేళ్ళవాణ్ణి. వేసవిలో మా మామ్మగారు ఇత్తడి చెంబు ఇచ్చి, చలవ చేస్తుందని, గట్టు మీదికి నీరాకు పంపేది. గీసే ఆయన చెట్టు దిగి, లొట్టి వంచి, నా చెంబులో పోస్తూ "సున్నం వేసిందేనండి, మామ్మగారికి చెప్పండి, ఆయ్" అనేవాడు. అడుగున తెల్లగా సున్నం పేరుకుని కనిపించేది. ఒకరోజు నేను వెళ్ళేసరికి చెట్టు కింద పోలీసులు ఉన్నారు. పదో పదకొండో లొట్లు వరసగా పెట్టి ఒక్కొక్కదాంట్లో వేలుపెట్టి చూస్తున్నారు. ఒక్క లొట్టిలో సున్నం చాల్లేదట. ఆ లొట్టి ఆయన నెత్తినే పెట్టి నాలుగు మైళ్ళు నడిపించారు. నేను ఖాళీ చెంబుతో ఇంటికి వచ్చాను. ఆ సాయంత్రం మా మామ్మ, "పాపం, ఆ ముసలాడి చేతివేళ్ళు సున్నానికి పుళ్ళు పడి ఉన్నాయిరా, తక్కువ వేశాడేమో" అంది.

మన ప్రాంతంలో ఈ వృత్తి శెట్టిబలిజ కుటుంబాలది. శ్రీకాకుళం, విశాఖ వైపు శ్రీశయనులు, యాతలు చేస్తారు. సీమలో ఈడిగలు, తెలంగాణలో గౌడలు. ఊరంతా ఆ చెట్టు మీద బతికి, చెట్టెక్కేవాణ్ణి మాత్రం చిన్నచూపు చూసింది. బోడసకుర్రు దొమ్మేటి వెంకటరెడ్డిగారు వందేళ్ళ కిందటే ఆ కులానికి గౌరవమైన పేరు కోసం, పిల్లల చదువు కోసం తిరిగారు. ఆయన తిరిగిన ఫలితం ఇవాళ ఈ సభలోనే కనిపిస్తోంది. నా పై అధికార్లలో ఇద్దరు ఆ కుటుంబాలవారే. నిజానికి ఆలోచించండి, మన చిన్నప్పటి ఇల్లు ఏమిటి? తాటాకు కప్పు, తాటి దూలం, తాటాకు చాప, విసనకర్ర, పెళ్ళికి తాటాకు పందిరి. ఎండల్లో ముంజలు, శ్రావణ భాద్రపదాల్లో తాటిపండు, సంక్రాంతికి తేగలు. తేగ చీల్చి, లోపలి చందమామ కోసం తోబుట్టువులతో దెబ్బలాడుకోనివాళ్ళు ఈ సభలో ఉంటే చెయ్యెత్తండి. 1996 నవంబరు 6 రాత్రి తుపానుకు కొబ్బరిచెట్లు లక్షల్లో కూలిపోతే, మర్నాడు పొద్దున ఉప్పలగుప్తం దారిలో నిలబడి కనిపించినవి తాడిచెట్లే.

కల్లుపాక గురించి కూడా దాచకుండా చెప్పాలి. ఊడ్పులు, కోతలప్పుడు కూలిలో కొంత కల్లుగా లెక్కకట్టడం నేను విన్నాను. ఇంగ్లండులోనూ అంతేనట, తోటకూలీకి జీతంలో కొంత సైడర్ పోసి సరిపెట్టేవారట. 1887లో చట్టం చేసి ఆ పద్ధతి మానిపించారు. ఇక్కడ పాకలో సాయంత్రం ఇద్దరు కూర్చుంటే పొలం గట్టు తగాదా తీరిన సందర్భాలు ఉన్నాయి, కొత్త తగాదా పుట్టినవీ ఉన్నాయి. మగవాడు పాకలో కూర్చుంటే ఇంట్లో పొయ్యి వెలగని రోజులు కూడా ఆడవాళ్ళకు తెలుసు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట నుంచి లేచిన ఉద్యమం సారా మీద. 1993 అక్టోబరు నుంచి సారా ఆగింది. కల్లును సారాతో కలిపి తిట్టడం అన్యాయమేగాని, కల్లు గంగాజలం అనీ నేను అనను.

ఇక నేను అసలు చెప్పదలుచుకున్నది. ఇది ఇంతవరకు సభలో ఎప్పుడూ చెప్పలేదు.

మా ఆఫీసు భాషలో తాడిచెట్టును "ఎక్సైజు చెట్టు" అంటాం. గీసే ప్రతి చెట్టుకూ నెంబరు. చెట్టుకు పన్ను. చెట్టు మీద తారుతో వేసిన నెంబరు, నా రిజిస్టరులో నెంబరు ఒకటే ఉండాలి. ఆ రిజిస్టర్లు నేను ఎంత బాగా రాసేవాణ్ణంటే, తనిఖీకి వచ్చినవాళ్ళు పక్క ఆఫీసులకు చూపించేవారు. ఆ గర్వం నాకుండేది.

1980ల చివర్లో ఒక మార్చి నెలాఖరు. రాజోలు వైపు ఒక గీత కార్మికుడు చెట్టు మీదనుంచి పడి చనిపోయాడు. ముప్పై ఏళ్ళుంటాయి. భార్య, ఇద్దరు పిల్లలు. నష్టపరిహారం కాగితాలు నా బల్ల మీదికి వచ్చాయి. పంచనామా చూశాను. పడిన చెట్టు నెంబరుకూ, ఆయన పేరున ఉన్న చెట్ల నెంబర్లకూ పొత్తు లేదు. ఆ చెట్టు ఆయన అన్నది. అన్నకు టైఫాయిడు. రెండురోజులు ఎక్కకపోతే చెట్టు పోతుందని ఇందాక మనవి చేశాను గదా, అందుకని తమ్ముడు తన చెట్లు ముగించుకుని అన్న చెట్లు కూడా ఎక్కుతున్నాడు. ఇదంతా పంచనామాలోనే ఉంది. నేను నోటు రాశాను: "మృతుడు తన పేరున లైసెన్సు లేని చెట్టుపై నుంచి పడినందున పరిహారమునకు అర్హుడు కాడని తోచుచున్నది." అధికారి సంతకం పెట్టారు. ఫైలు మూసేశాను.

నిబంధన ప్రకారం నేను రాసింది తప్పని ఎవరూ అనలేరు. కాని అన్నదమ్ములిద్దరూ ఒకే సొసైటీ సభ్యులు. ఆ చెట్టు కూడా సొసైటీ చెట్టే. "సొసైటీ నుంచి తీర్మానం తెప్పించి పరిశీలించవచ్చును" అని ఇంకొక్క వాక్యం రాస్తే దారి ఉండేది. ఆ వాక్యం నాకు తెలుసు. అప్పుడే తెలుసు. నెలాఖరు, లెక్కలు తేలాలి, ఫైలు పెండింగులో కనపడకూడదు. అంతే. ఆమె మూడుసార్లు ఆఫీసుకు వచ్చింది. మూడోసారి నేను వెనక గదిలో ఉండి, లేనని చెప్పించాను.

ఇంగ్లండు నుంచి వచ్చాక ఆ ఊరు వెళ్ళాను. ఎందుకు అంతకాలం పట్టిందో అడగకండి. ఆమె ఉంది. నన్ను గుర్తుపట్టలేదు. చెప్పాను. కాసేపు ఏమీ అనలేదు. ఆపైన "ఎండన పడి వచ్చారు, కూర్చోండి" అని మంచినీళ్ళు ఇచ్చింది. పెద్దకొడుకు కువైటులో డ్రైవరు. రెండోవాడు రొయ్యల చెరువు మీద పని. ఇద్దరూ మోకు ముట్టుకోలేదు, ఆమె ముట్టుకోనివ్వలేదు. బావగారు, అదే ఆ అన్నగారు, మాత్రం నిరుటిదాకా ఎక్కారు. ఆ చెట్ల వరసలో సగం ఇటుకబట్టీకి పోయాయి, కొన్ని చెరువుగట్టు కింద పోయాయి. ఆ చెట్టు ఉందా అని అడగబోయి ఊరుకున్నాను. ఆమే చెప్పింది, ఆ ఏడే కొట్టించేశారట.

మాటల్లో తెలిసింది, ఆ అన్నగారికి గీత కార్మికుల పింఛను రావడం లేదు. యాభై ఏళ్ళు దాటిన గీత కార్మికుడికి ప్రభుత్వం పింఛను ఇస్తోంది. 2024 జూలై నుంచి నెలకు 4,000 రూపాయలు. సొసైటీ సభ్యుడై ఉండాలి, లేదా చెట్టు గీసేవాడికే చెట్టు అన్న పథకం కింద లైసెన్సు ఉండాలి. ఆయన నలభై ఏళ్ళ సభ్యుడు. కాని సభ్యత్వ కార్డు ఒక వానాకాలంలో నానిపోయింది, సొసైటీ పుస్తకంలో ఇంటిపేరు తప్పు పడింది, ఆధార్‌లో వయసు ఇంకోలా ఉంది. నెంబరు కలవలేదన్నమాట. ఈసారి ఆ కాగితాలు నేను పట్టుకుని తిరిగాను. నాలుగు నెలలు పట్టింది. మంజూరైంది.

గీసేవాళ్ళు తగ్గిపోతున్నారని, నీరాను చల్లటిపెట్టెల్లో దించి సున్నం లేకుండానే తీపిగా ఉంచే పద్ధతి మీద పందిరిమామిడి పరిశోధన కేంద్రంవారు పనిచేశారని, ఇలాంటివి ఇంకా చెప్పాలని రాసుకుని వచ్చాను. కార్యదర్శిగారు గడియారం చూస్తున్నారు. మద్యం షాపుల్లో పదోవంతు గీత కులాలకు కేటాయించారు, మంచిదే, కాని షాపు తీసుకోగలిగినవాడు వేరు, మోకు కట్టినవాడు వేరు.

ఒక్క మనవి చేసి కూర్చుంటాను. మన సంఘం గదిలో మంగళవారం, శుక్రవారం పొద్దున పదింటి నుంచి ఒంటిగంట దాకా నేను కూర్చుంటున్నాను. మీ ఊళ్ళో గాని, మీ పొలం పక్కన గాని, యాభై దాటిన గీత కార్మికుడు పింఛను రానివాడు ఉంటే పంపండి. ఆధార్, రేషను కార్డు, సొసైటీ కాగితం ఏదున్నా సరే, చిరిగిపోయినదైనా సరే, తెమ్మనండి. దరఖాస్తు నేను రాసిపెడతాను. రెవెన్యూలో, సహకార శాఖలో పనిచేసి రిటైరయినవాళ్ళు మీలో ఉన్నారు, ఒక్కరు వచ్చి పక్కన కూర్చుంటే పని తొందరగా అవుతుంది. గదిలో ఫ్యాను తిరగడం లేదు. అధ్యక్షులవారు దయచేసి అది బాగు చేయించాలి.

సెలవు.